రీవాల్యుయేషన్ ఫలితం నెలల తరబడి రాకపోతే హైకోర్టుకు వెళ్ళొచ్చా?

అమ్మా, తర్వాత చదివేవాళ్ళకు కూడా తెలియడానికి నీ ప్రశ్నను ఒకసారి చెప్పుకుని మొదలుపెడతాను. బీటెక్ ఆఖరి సెమిస్టర్‌లో ఒక్క సబ్జెక్టు మూడు మార్కుల తేడాతో పోయింది. గడువులోపలే ఫీజు కట్టి రీవాల్యుయేషన్‌కు పెట్టుకున్నావు. 45 రోజుల్లో ఫలితం ఇస్తామని నోటిఫికేషన్‌లో రాశారు. మూడు నెలలు దాటినా అతీగతీ లేదు. ఎగ్జామ్ బ్రాంచ్‌కు వెళ్తే "ప్రాసెస్‌లో ఉంది" అంటున్నారు. ఈలోపు సప్లిమెంటరీ ఫీజు గడువు దగ్గరపడింది. ఉద్యోగం ఇచ్చిన కంపెనీ వచ్చే నెలాఖరుకల్లా ప్రొవిజనల్ సర్టిఫికెట్ తెమ్మంటోంది. హైకోర్టుకు వెళ్తే పేపరు వేరేవాళ్ళతో దిద్దిస్తారా, ఆ మూడు మార్కులు కలుస్తాయా, కన్స్యూమర్ కోర్టు అయితే తేలిక అంటున్నారు నిజమేనా అని అడిగావు.

హైకోర్టులో ఎక్కువగా విద్యార్థుల కేసులు, సర్వీసు కేసులు చూసే లాయర్ని. ముందుగా ఒక మాట. కోర్టు సంగతి తర్వాత, రేపు పొద్దున్నే వెళ్ళి సప్లిమెంటరీ ఫీజు కట్టేసెయ్. "రీవాల్యుయేషన్‌లో పాసవుతాను కదా, మళ్ళీ ఎందుకు కట్టడం" అని ఆగిపోయిన పిల్లలు తర్వాత పడే బాధ చూడలేం. ఫీజు కట్టినంత మాత్రాన రీవాల్యుయేషన్ వదులుకున్నట్టు కాదు. రేపు జడ్జి గారు "సప్లిమెంటరీ రాయొచ్చు కదా" అని అడిగితే, "ఫీజు కట్టానండీ, కానీ ఆ ఫలితం వచ్చేసరికి ఉద్యోగం పోతుంది" అని చెప్పగలగాలి. ఆ జవాబుకు కోర్టులో చాలా విలువుంటుంది.

ఇక అసలు విషయం. నీ ప్రశ్నలో రెండు వేర్వేరు కేసులు కలిసిపోయి ఉన్నాయి. "నాకు మార్కులు తక్కువ వేశారు" అనేది ఒక కేసు. "దిద్దుతామని ఫీజు తీసుకుని దిద్దడం లేదు" అనేది ఇంకో కేసు. మొదటిది నూటికి తొంభై పాళ్ళు ఓడిపోయే కేసు. రెండోది సరిగ్గా కాగితాలు పెట్టుకుంటే నిలబడే కేసు. చాలామంది కోపంలో రెండూ ఒకే పిటిషన్‌లో కలిపేస్తారు. అప్పుడు యూనివర్సిటీ లాయర్ తెలివిగా మొదటిదాని గురించే వాదిస్తాడు, రెండోది మరుగున పడిపోతుంది. నీ పిటిషన్‌లో మార్కుల గురించి ఒక్క వాక్యం కూడా ఉండకూడదని నా గట్టి అభిప్రాయం.

మొదటిది ఎందుకు ఓడిపోతుందంటే, సుప్రీంకోర్టు 1984లోనే మహారాష్ట్ర బోర్డు కేసులో తేల్చేసింది. రీవాల్యుయేషన్‌కు రూల్స్‌లో వీలు లేకపోతే, అది నా హక్కు అని విద్యార్థి అడగలేడు. 2017 చివర్లో ఉత్తరప్రదేశ్ టీచర్ల నియామక పరీక్ష మీద వచ్చిన రణ్ విజయ్ సింగ్ కేసులో ఇంకా స్పష్టంగా చెప్పారు. జవాబు పత్రాలు దిద్దడం కోర్టుల పని కాదు, జడ్జిలకు ఆ సబ్జెక్టులో నైపుణ్యం లేదు. చూడగానే తెలిసిపోయే తప్పు ఉంటే తప్ప, అదీ అరుదుగా తప్ప, జోక్యం చేసుకోకూడదు. విద్యార్థి మీద జాలి దానికి కారణం కాకూడదు. 2009లో జరిగిన పరీక్ష మీద వ్యాజ్యం 2017 దాకా నడిచిందంటే ఆ మాట ఎందుకు అన్నారో అర్థమవుతుంది.

అయితే ఈ తీర్పులు నీకు అడ్డం కావు. ఎందుకంటే నీ యూనివర్సిటీ రూల్స్‌లోనే రీవాల్యుయేషన్ ఉంది. వాళ్ళే నోటిఫికేషన్ ఇచ్చారు, వాళ్ళే ఫీజు తీసుకున్నారు, వాళ్ళే గడువు రాశారు. నువ్వు కోర్టును పేపరు దిద్దమని అడగడం లేదు, దిద్దాల్సిన వాళ్ళను దిద్దమని చెప్పమంటున్నావు. చట్టప్రకారం చేయాల్సిన పని చేయని సంస్థను ఆ పని చేయమని ఆదేశించడాన్నే మాండమస్ అంటారు. రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టుకు ఆ అధికారం ఉంది. దానికోసం హైకోర్టులో వేసే పిటిషన్‌నే రిట్ అంటాం. నోటిఫికేషన్‌లో గడువు రాయకపోయినా సహేతుకమైన సమయంలో పని పూర్తి చేయాలన్నది స్థిరపడ్డ సూత్రమే. నీకు 45 రోజులని రాసిచ్చారు కాబట్టి పని ఇంకా సులువు. ఆ నోటిఫికేషన్ వెబ్‌సైట్‌లో నుంచి తీసేయకముందే, తేదీ కనబడేలా ప్రింటు తీసి పెట్టుకో.

మీది డీమ్డ్ యూనివర్సిటీ (కేంద్రం నుంచి యూనివర్సిటీ హోదా పొందిన సంస్థ) అయినా భయం లేదు. డీమ్డ్ యూనివర్సిటీ మీద కూడా రిట్ వేయొచ్చని 2015లో ఎస్ఆర్ఎం కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

కన్స్యూమర్ కోర్టు మాట మర్చిపో. "ఫీజు కట్టాం కాబట్టి మనం వినియోగదారులం" అనేది వినడానికి బాగుంటుంది. కానీ 2009లో బీహార్ స్కూల్ ఎగ్జామినేషన్ బోర్డు కేసులో, 2010లో మహర్షి దయానంద్ యూనివర్సిటీ కేసులో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. పరీక్షలు పెట్టడం, దిద్దడం, ఫలితాలివ్వడం చట్టం అప్పగించిన బాధ్యత, వ్యాపారం కాదు, విద్యార్థి కన్స్యూమర్ కాడు అంది. అక్కడ కేసు వేస్తే అసలు విచారణకు అర్హమా కాదా అన్న వాదనలోనే నీ పుణ్యకాలం గడిచిపోతుంది.

హైకోర్టుకు ముందు చేయాల్సిన పని ఒకటుంది. దాన్ని వదిలేసి పరుగెత్తుకొచ్చేవాళ్ళే ఎక్కువ. మాండమస్ కావాలంటే, నువ్వు ఆ పని చేయమని రాతపూర్వకంగా అడిగినట్టు, వాళ్ళు చేయనట్టు కాగితం చూపించాలి. కౌంటర్ దగ్గర నిలబడి అడిగింది, ఫోన్‌లో అడిగింది లెక్కలోకి రావు. కంట్రోలర్ ఆఫ్ ఎగ్జామినేషన్స్ పేరున ఒక పేజీ రిప్రజెంటేషన్ (వినతిపత్రం) రాయి, కాపీ రిజిస్ట్రార్‌కు, మీ ప్రిన్సిపల్‌కు పంపు. కోపం, నిందలు, "నా జీవితం నాశనం చేశారు" లాంటివి వద్దు. ఇలా ఉంటే చాలు:

"నేను ఫలానా హాల్‌టికెట్ నంబరు గల విద్యార్థినిని. ఫలానా సబ్జెక్టు రీవాల్యుయేషన్‌కు ఫలానా తేదీన ఫీజు చెల్లించాను. రసీదు జతపరిచాను. మీ నోటిఫికేషన్ ప్రకారం ఫలానా తేదీకి ఫలితం వెలువడాలి. నేటివరకు వెలువడలేదు. ఫలానా తేదీలోగా ప్రొవిజనల్ సర్టిఫికెట్ సమర్పించకపోతే నాకు వచ్చిన ఉద్యోగం కోల్పోతాను. ఆఫర్ లెటర్ జతపరిచాను. కాబట్టి ఈ లేఖ అందిన వారం రోజుల్లోగా ఫలితం ప్రకటించవలసిందిగా, విషయం తేలేవరకు నా జవాబు పత్రాన్ని భద్రపరచవలసిందిగా కోరుతున్నాను."

రెండు కాపీలు తీసుకెళ్ళు. ఇన్‌వర్డ్ సెక్షన్‌లో ఒకటి ఇచ్చి, రెండోదాని మీద తేదీతో ముద్ర, ఇన్‌వర్డ్ నంబరు వేయించుకో. "పై సారు లేరు, రేపు రా" అంటే వాదన పెట్టుకోకుండా అదే రోజు స్పీడ్ పోస్టులో పంపి, ట్రాకింగ్‌లో డెలివరీ అయినట్టు చూపించే పేజీ ప్రింటు తీసుకో. ఈ-మెయిల్ కూడా పెట్టు. ఆ ముద్ర ఉన్న కాగితమే రేపు నీ పిటిషన్‌కు వెన్నెముక.

దానితోపాటే ఫిర్యాదుల కమిటీకీ రాయి. విద్యార్థుల ఫిర్యాదుల పరిష్కారానికి యూజీసీ 2023లో కొత్త నిబంధనలు తెచ్చింది. వాటి ప్రకారం ప్రతి విద్యాసంస్థలో ఒక కమిటీ ఉండాలి. ఫిర్యాదు అందిన 15 పనిదినాల్లో అది తేల్చాలి. నచ్చకపోతే మరో 15 రోజుల్లో ఆంబుడ్స్‌పర్సన్ (అలాంటి అప్పీళ్ళు వినడానికి నియమించిన వ్యక్తి) దగ్గరకు అప్పీలుకు వెళ్ళొచ్చు, ఆయన 30 రోజుల్లో తేల్చాలి. ఈ నిబంధనల్లో చాలామంది గమనించని విషయం ఒకటుంది. అకడమిక్ క్యాలెండర్‌లో చెప్పిన తేదీ దాటి ఫలితాలు ఆలస్యం చేయడం ఫిర్యాదుల జాబితాలో స్పష్టంగా ఉంది. కానీ నా పేపరు మళ్ళీ దిద్దించండి అంటే మాత్రం, ఫలితాన్ని మార్చేసేంత నిర్దిష్టమైన అవకతవకో వివక్షో చూపిస్తే తప్ప ఆంబుడ్స్‌పర్సన్ వినకూడదు. ఇందాక చెప్పిన తేడాయే ఇక్కడా ఉంది చూడు. ఆలస్యం గురించి అడిగితే తలుపు తెరుస్తారు, మార్కుల గురించి అడిగితే మూసేస్తారు.

మరి ఆ కమిటీ తేల్చేదాకా ఆగాలా? నీ గడువు వచ్చే నెలాఖరు కాబట్టి ఆగక్కర్లేదు. కానీ అక్కడ ఫిర్యాదు వేసినట్టు రుజువు ఉండాలి. "వేరే మార్గం ఉండగా నేరుగా ఇక్కడికెందుకొచ్చారు" అని కోర్టు అడిగితే, వేశాం, కానీ ఆ ప్రక్రియ ముగిసేలోపు ఉద్యోగం పోతుంది అని చెప్పడానికి.

మూడో కాగితం ఆర్‌టీఐ (సమాచార హక్కు చట్టం) దరఖాస్తు. దీని గురించి కాస్త వివరంగా చెబుతాను, ఎందుకంటే రిట్ కంటే ఇదే ఎక్కువ పనికొచ్చిన సందర్భాలున్నాయి. దిద్దిన జవాబు పత్రం చూసే హక్కు, కాపీ తీసుకునే హక్కు విద్యార్థికి ఉందని 2011 ఆగస్టులో సీబీఎస్ఈ కేసులో సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. దిద్దినవాళ్ళ పేర్లు మాత్రం ఇవ్వరు, అవి అడగొద్దు. దరఖాస్తు ఫీజు 10 రూపాయలు, కాపీకి పేజీకి 2 రూపాయలు. "మా దగ్గర జవాబు పత్రం కాపీకి ప్రత్యేక ఫీజు ఉంది, అది కట్టు" అంటారు. 2019లో కంపెనీ సెక్రటరీల సంస్థ కేసులో ఇదే వివాదం వచ్చింది. సంస్థ రూల్ కింద అడిగితే సంస్థ ఫీజు, ఆర్‌టీఐ కింద అడిగితే ఆర్‌టీఐ ఫీజు, ఏ దారిలో వెళ్ళాలన్నది విద్యార్థి ఇష్టం అని సుప్రీంకోర్టు చెప్పింది.

కాపీ ఒక్కటే అడిగి ఊరుకోవద్దు. నీ పేపరు రీవాల్యుయేషన్‌కు ఏ తేదీన పంపారు, ఏ తేదీన తిరిగి వచ్చింది, ఆ నోటిఫికేషన్ కింద మొత్తం ఎన్ని దరఖాస్తులు వచ్చాయి, ఎన్నింటికి ఫలితం ఇచ్చారు, జవాబు పత్రాలను ఎన్నాళ్ళు భద్రపరుస్తారు, ఆ రూల్ కాపీ ఇవ్వండి అని అడుగు. ఆ తేదీలు బయటికొస్తే ఆలస్యం ఎక్కడ జరిగిందో తెలుస్తుంది. కొన్నిసార్లు పేపరు అసలు ఎవరికీ పంపనే లేదని తేలుతుంది! ఆఖరి ప్రశ్న ఇంకా ముఖ్యం. జవాబు పత్రాలను శాశ్వతంగా ఉంచరు, రూల్ ప్రకారం కొంతకాలానికి తీసేస్తారు. 2011 తీర్పు కూడా, ఆ పత్రం వాళ్ళ దగ్గర ఉండాల్సిన కాలంలోనే నీ హక్కు అంటుంది. కేసు నెగ్గేసరికి పేపరే లేకపోతే ఏం లాభం? రిప్రజెంటేషన్‌లో "భద్రపరచండి" అని రాయమన్నది అందుకే. 30 రోజుల్లో జవాబు రాకపోతే మొదటి అప్పీలు వెయ్యి.

ఇక రిట్. రిప్రజెంటేషన్‌లో ఇచ్చిన వారం గడిచాక వెయ్యి. యూనివర్సిటీ తరఫున రిజిస్ట్రార్‌ని, కంట్రోలర్‌ని, నీ కాలేజీ ప్రిన్సిపల్‌ని ప్రతివాదులుగా పెట్టాలి. తెలంగాణ యూనివర్సిటీ అయితే హైదరాబాద్‌లోని హైకోర్టు, ఆంధ్రప్రదేశ్‌లోని యూనివర్సిటీ అయితే అమరావతిలోని హైకోర్టు. అడగాల్సినవి మూడే. నోటిఫికేషన్ గడువు దాటినా ఫలితం ఇవ్వకపోవడం చట్టవిరుద్ధమని ప్రకటించమనడం, ఇన్ని రోజుల్లో ఇమ్మని ఆదేశించమనడం, ఈలోపు పేపరు భద్రపరచమని మధ్యంతర ఉత్తర్వు. ఉద్యోగం గడువు మరీ దగ్గరకొస్తే మీ లాయర్ లంచ్ మోషన్ అడుగుతాడు, అనుమతిస్తే అదే రోజు వింటారు. కానీ మూడు నెలలు ఊరుకుని ఆఖరి రోజు లంచ్ మోషన్ అంటే జడ్జిలకు నచ్చదు. అందుకే ఇప్పుడే కదలమంటున్నాను.

పిటిషన్ మొదటిసారి కోర్టు ముందుకు వచ్చే రోజు (అడ్మిషన్ అంటాం) జరిగేది కొద్దిసేపే. మీ లాయర్ లేచి నోటిఫికేషన్, రసీదు, రిప్రజెంటేషన్ ఏ పేజీల్లో ఉన్నాయో చెబుతాడు. జడ్జి గారు యూనివర్సిటీ స్టాండింగ్ కౌన్సిల్ (వాళ్ళ తరఫు లాయర్) వైపు చూసి "ఎప్పటిలోగా ఇస్తారు?" అంటారు. ఆయన "ఇన్‌స్ట్రక్షన్స్ తీసుకుని చెబుతాను" అంటాడు. వారమో పది రోజులో వాయిదా పడుతుంది. ఈలోపు ఆయన ఆఫీసు నుంచి ఎగ్జామ్ బ్రాంచ్‌కు ఫోన్ వెళ్తుంది, నెలల తరబడి కదలని ఫైలు కదులుతుంది. వాయిదా నాటికి ఫలితం వచ్చేసి, "ఇక ఈ పిటిషన్‌లో తేల్చాల్సిందేమీ లేదు" అని ముగిసిన కేసులు చాలా చూశాను. ఇంకోరకంగా, "పిటిషనర్ రిప్రజెంటేషన్‌ను రెండు వారాల్లో పరిష్కరించండి" అని మొదటి రోజే ముగించేయొచ్చు. అలాంటి ఉత్తర్వు వచ్చేటట్టుంటే మీ లాయర్‌ని "పరిష్కరించండి" అని కాకుండా "ఫలితం ప్రకటించండి" అని రాయించమని పట్టుబట్టమను. "మీ రిప్రజెంటేషన్ పరిశీలించాం, ప్రాసెస్‌లో ఉంది" అని జవాబిచ్చి కూడా మొదటి ఉత్తర్వును పాటించామనొచ్చు.

"పాసైనట్టు భావించి తాత్కాలికంగా సర్టిఫికెట్ ఇప్పించండి" అని మాత్రం అడగకు. 1993లో గురునానక్ దేవ్ యూనివర్సిటీ కేసులోనే, అర్హత తేలకుండా జాలితో ఇచ్చే మధ్యంతర ఉత్తర్వులను సుప్రీంకోర్టు గట్టిగా తప్పుపట్టింది. అది అడిగితే నీ మంచి కేసు కూడా పలచబడుతుంది. దానికి బదులు రిట్ నంబరు రాగానే ఆ కాపీ జతచేసి, గడువు పొడిగించమని కంపెనీ హెచ్‌ఆర్‌కు మెయిల్ పెట్టు. చాలా కంపెనీలు అలాంటి కాగితం చూస్తే కొంత సమయం ఇస్తాయి.

డబ్బు గురించి అడగడానికి మొహమాటపడ్డావనిపించింది. లీగల్ సర్వీసెస్ అథారిటీస్ చట్టం 12వ సెక్షన్ ప్రకారం ఆడవాళ్ళకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయసహాయం ఉంది. ఎస్సీ, ఎస్టీలకు, వికలాంగులకు కూడా అంతే. హైకోర్టులోనే లీగల్ సర్వీసెస్ కమిటీ ఉంటుంది, అక్కడ దరఖాస్తు ఇస్తే లాయర్ని పెడతారు. 15100 నంబరుకు ఫోన్ చేసినా చెబుతారు. ఇది దయాధర్మం కాదు, నీ హక్కు.

"ఒక్కదాన్నే యూనివర్సిటీ మీద కేసు వేస్తే కక్ష కడతారేమో" అన్నావు. ఆ భయం అర్థమవుతుంది. కానీ ఆలస్యం ఎప్పుడూ ఒక్కరిది కాదు. 2017లో ముంబై యూనివర్సిటీ సంగతే చూడు. సరైన సన్నాహం లేకుండా జవాబు పత్రాలన్నీ స్కాన్ చేసి కంప్యూటర్ మీద దిద్దించాలని పెట్టుకున్నారు. దాదాపు 17 లక్షల పత్రాలు. మహారాష్ట్ర చట్టంలో పరీక్ష ముగిసిన 45 రోజుల్లోపు ఎట్టి పరిస్థితుల్లోనూ ఫలితం ఇవ్వాలని రాసి ఉంది. అది దాటిపోయింది. అప్పటి గవర్నర్, మన కరీంనగర్ ప్రాంతం నుంచి వెళ్ళిన చెన్నమనేని విద్యాసాగర్ రావు గారు ఛాన్సలర్ హోదాలో జులై 31 గడువు పెట్టారు. అదీ దాటి సెప్టెంబరు దాకా సాగింది. విద్యార్థులు బొంబాయి హైకోర్టుకు వెళ్ళారు. ఆ అక్టోబరులో గవర్నర్ గారు వైస్ ఛాన్సలర్‌ని పదవి నుంచి తొలగించారు. పై చదువులకు వెళ్ళాల్సిన పిల్లలకు పోయిన సమయాన్ని మాత్రం ఎవరూ తిరిగివ్వలేకపోయారు.

మన దగ్గర 2019 ఏప్రిల్‌లో తెలంగాణ ఇంటర్ ఫలితాలప్పుడు జరిగింది తలుచుకుంటే ఇప్పటికీ మనసు కలుక్కుమంటుంది. ఎందరో పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. విషయం హైకోర్టుకు వెళ్ళింది. ప్రభుత్వం ఫెయిలైన వాళ్ళందరి పేపర్లూ ఉచితంగా రీవెరిఫికేషన్ చేయించింది. వెయ్యి మందికి పైగా పిల్లలు పాసయ్యారని తేలింది. పేపరు మళ్ళీ చూడటం అనేది ఆఫీసులో ఏదో ఒక రోజు చేసే గుమాస్తా పని కాదని అప్పుడైనా అందరికీ తెలిసుండాలి. నువ్వు కూడా టెన్షన్ తట్టుకోలేనట్టు అనిపిస్తే ఇంట్లో వాళ్ళతో మాట్లాడు, లేదా టెలీ మానస్ 14416కు ఫోన్ చెయ్యి. ఒక సబ్జెక్టు కోసం ఒంటరిగా నలిగిపోవద్దు.

నీ బ్యాచ్‌లో అదే నోటిఫికేషన్ కింద ఫీజు కట్టి ఎదురుచూస్తున్న వాళ్ళు కచ్చితంగా ఉంటారు. వాళ్ళను కలుపుకో. నలుగురైదుగురు కలిసి వేస్తే భయం తగ్గుతుంది, ఖర్చు పంచుకోవచ్చు, "ఇది ఒక్కరి ఫిర్యాదే" అని యూనివర్సిటీ అనలేదు. అయితే ప్రతి ఒక్కరూ ఎవరి రిప్రజెంటేషన్ వాళ్ళే ఇచ్చి ముద్ర వేయించుకోవాలి.

ఉత్తర్వు వచ్చాక పని అయిపోయిందనుకోవద్దు. సర్టిఫైడ్ కాపీ తీసుకుని, కవరింగ్ లెటర్‌తో కంట్రోలర్‌కు, రిజిస్ట్రార్‌కు ఇచ్చి మళ్ళీ ముద్ర వేయించుకో. కోర్టు ఇచ్చిన గడువు సాధారణంగా ఆ కాపీ అందిన తేదీ నుంచే మొదలవుతుంది. అప్పటికీ చేయకపోతే కోర్టు ధిక్కారం పిటిషన్ వేయొచ్చు, దానికి ఏడాది లోపు సమయం ఉంటుంది.

ఫలితం వచ్చి "నో ఛేంజ్" అని ఉంటే అప్పుడు ఆర్‌టీఐలో వచ్చిన కాపీ ముందేసుకుని కూర్చో. ఎక్కడైనా జవాబు రాసి ఉండి మార్కు వేయకుండా వదిలేశారా, లోపలి పేజీల మార్కులు మొదటి పేజీలోకి సరిగ్గా ఎక్కాయా, కూడిక సరిపోయిందా అని చూడు. అలాంటిది దొరికితే, అది చూడగానే తెలిసిపోయే తప్పు కాబట్టి, కోర్టు వినే అవకాశం ఉంది. "ఈ జవాబుకు నాలుగు కాదు, ఏడు వేయాలి" అన్నదే నీ బాధ అయితే, మీ యూనివర్సిటీలో ఛాలెంజ్ వాల్యుయేషన్ (రీవాల్యుయేషన్ తర్వాత కూడా ఫీజు కట్టి మరోసారి దిద్దించుకునే వీలు) ఉందేమో చూసుకో. లేకపోతే కట్టిన ఫీజుతో సప్లిమెంటరీ రాసెయ్.

రిప్రజెంటేషన్ డ్రాఫ్ట్ రాసుకున్నాక హాల్‌టికెట్ నంబరు, పేరు తీసేసి ఇక్కడ పెట్టు, చూసి చెబుతాను. ఆఫర్ లెటర్‌లో సర్టిఫికెట్ ఇవ్వకపోతే ఏమవుతుందని రాశారో ఆ వాక్యం కూడా పెట్టు. లంచ్ మోషన్‌కు వెళ్ళేంత అర్జెంటా కాదా అన్నది ఆ వాక్యాన్ని బట్టే తేలుతుంది.